అమెజాన్‌లో కాలు పెడితే ఎముకల గూడేనా? మా బాబాయి ఫార్వర్డ్‌కు నా జవాబు

మా బాబాయి రిటైరైన తెలుగు మాస్టారు. తెల్లవారుజామున లేచి, కాఫీ తాగి, కుటుంబ వాట్సాప్ గ్రూపులో నాలుగు సందేశాలు పెడితే గానీ ఆయనకు పొద్దు పొడవదు. గత వారం పెట్టిన వాటిలో అమెజాన్ నది గురించిన వీడియో ఒకటి ఉంది. పక్కన రెండు బాణాల గుర్తు, అంటే ఇప్పటికే చాలా ఫోన్లు తిరిగి వచ్చిందన్నమాట. వెనక గంభీరమైన సంగీతం, ముందు గంభీరమైన గొంతు. రెండు రోజుల్లో ఇంకో ముగ్గురు బంధువులు, ఒక స్కూలు స్నేహితుడు అదే పంపారు.

చూడనివారి కోసం దాని సారాంశం ఇది. అమెజాన్ నీళ్లలో కాలు పెడితే పిరానాలు రెండు నిమిషాల్లో ఎముకల గూడు మిగులుస్తాయి. నీళ్లలో మూత్రం పోస్తే కాందిరు అనే చేప ఆ ధార వెంట ఎగబాకి ఒంట్లోకి దూరుతుంది. వంద అడుగుల అనకొండలు మనుషులను మింగుతాయి. 860 వోల్టుల కరెంటు చేపను తాకితే మాడి మసైపోతారు. ఈ భయంతోనే నది మీద ఇంతవరకు ఒక్క వంతెన కూడా కట్టలేదు. నది అడుగున అంతకంటే పెద్ద రహస్య నది ఉంది. అగ్నిపర్వతం వల్ల సలసల కాగే నది ఇంకొకటి. ప్రపంచం పీల్చే ప్రాణవాయువులో 20 శాతం ఈ అడవిదే. అందుకే అక్కడ మనుషులు అడుగుపెట్టరు. ఇదంతా నాసా ధ్రువీకరించింది. పది మందికి పంపండి.

పూర్తి అబద్ధమైతే నవ్వి వదిలేసేవాణ్ని. ఇందులో నిజాలు కూడా ఉన్నాయి, అదే చిక్కు. అందుకే ఒక్కొక్కటీ విప్పుతున్నాను.

ముందు పిరానా సంగతి. బాబాయి భయమంతా దాని మీదే.

ఈ కథకు ప్రపంచ ప్రచారం కల్పించిన పెద్దమనిషి అమెరికా మాజీ అధ్యక్షుడు థియొడోర్ రూజ్‌వెల్ట్. 1912 ఎన్నికల్లో ఓడిపోయి, మరుసటి ఏడాది బ్రెజిల్ అడవులకు ప్రయాణం కట్టాడు. ప్రపంచంలోకెల్లా క్రూరమైన చేప పిరానాయేనని తన యాత్రా కథనంలో రాశాడు. గొప్ప అతిథికి తమాషా చూపించాలని స్థానికులు నదిలో కొంత భాగాన్ని వలలతో అడ్డగించి, పిరానాలను రోజుల తరబడి పస్తుపెట్టి, అప్పుడు ఒక ఆవును దింపారని చెబుతారు. అన్ని రోజులు లంఖణం చేయించి విస్తరి ముందు కూర్చోబెడితే మనమైనా అంతే కదా.

అదే రూజ్‌వెల్ట్, బ్రెజిల్ సైనికాధికారి కాందిదో రొండోన్‌తో కలిసి, అప్పటికి పటంలో లేని ఒక నది వెంట సాగిపోయాడు. దాని పేరే సందేహాల నది. ఆ యాత్రలో ముగ్గురు ప్రాణాలు పోయాయి. ఒకతను నది ఉరవడిలో కొట్టుకుపోయి మునిగిపోయాడు. ఇంకొకతన్ని తోటివాడే తుపాకీతో కాల్చి చంపాడు. ఆ హంతకుణ్ని అడవిలోనే వదిలేసి మిగిలినవాళ్లు ముందుకు సాగారు. రూజ్‌వెల్ట్‌కు కాలి గాయం చీముపట్టింది, మలేరియా జ్వరం పట్టింది, చావు అంచుదాకా వెళ్లి వచ్చాడు. నది ఉరవడి, మనిషి కోపం, దోమ, చీము: ఈ నాలుగింటి పద్దూ రాసి ఉంది. పిరానా పద్దులో ఒక్క చావు కూడా లేదు.

ఎర్రపొట్ట పిరానా మహా అయితే ఒక జానెడు, లేదా కాస్త ఎక్కువ. గుంపుగా తిరుగుతుంది నిజమే. మనం దాన్ని వేటదండు అనుకుంటాం. బ్రెజిల్‌లోని మమిరావా ముంపు అడవిలో పరిశోధకులు గమనించింది వేరు. మొసలి జాతి కైమన్లు, డాల్ఫిన్లు, నీటికాకులు పిరానాలను తింటాయి. వాటి నుంచి తప్పించుకోవడానికే ఇవి గుంపు కడతాయి. గుడ్లు పెట్టే వయసు వచ్చిన పెద్ద చేపలు గుంపు నడిమధ్యన, పిల్లకారు అంచుల్లో. ధైర్యవంతుల దండులో ఇలాంటి ఏర్పాటు ఉండదు. వాటి రోజువారీ తిండి కూడా ఇతర చేపల రెక్కల ముక్కలు, పొలుసులు, రొయ్యలు, పురుగులు, గింజలు, చచ్చిన జంతువులు. అక్కడి జనం దాన్ని పట్టి పులుసు పెట్టుకుంటారు.

కరవదని మాత్రం అనను. ఎండాకాలంలో కుంటలు ఇంకిపోయి చేపలు కిక్కిరిసినప్పుడు, గుడ్లకు కాపలా ఉన్నప్పుడు, పడవల రేవులో చేప వ్యర్థాలు పారబోసే చోట కరుస్తుంది. సాధారణంగా ఒక్క కాటు, అదీ కాలి వేలికో మడమకో. 2013 క్రిస్మస్ రోజున అర్జెంటీనాలోని రొసారియో దగ్గర డెబ్బై మందిదాకా స్నానం చేస్తున్నవాళ్లు గాయపడ్డారు. అది పరానా నది, అమెజాన్ కాదు. అందరూ గాయాలతో ఇళ్లకు వెళ్లారు, ఎవరూ ఎముకల గూడు కాలేదు.

ఈ రాతకోసమే మొన్న ఆదివారం చేపల మార్కెట్లో ఒక రూప్‌చంద్ కొన్నాను. మన చెరువుల్లో పెంచుతున్న ఈ చేప పుట్టిల్లు అమెజాన్, ఒరినోకో నదులే. అక్కడ దాన్ని పాకు అంటారు, పిరానాకు దగ్గరి చుట్టం. కోసే ఆమెను అడిగి, తల నరికే ముందు కింది పెదవి బొటనవేలితో లాగి చూశాను. లోపల తెల్లటి చదరపు పళ్లు, వరసగా, అచ్చం పాలపళ్లు ఊడి కొత్తవి వచ్చిన పిల్లవాడి నోరులా ఉంది. ఒక్క క్షణం చేయి వెనక్కి తీసుకున్న మాట నిజం. “తవుడు తిని పెరిగిన చేపండీ ఇది, మిమ్మల్ని కరిచే తీరిక దానికెక్కడిది?” అందామె, కత్తిపీట మీద నుంచి తల ఎత్తకుండానే.

ఆ పళ్లు మాంసం కోసం కాదు, గింజలు పగలగొట్టడానికి. అమెజాన్‌లో ఏటా నీరు పది మీటర్లకు పైగా పెరిగి, నెలల తరబడి అడవి అడవంతా మునిగిపోతుంది. చేపలు చెట్ల కొమ్మల మధ్య ఈదుతాయి. పాకు, దాని పెద్దన్న లాంటి తంబాకీ రబ్బరు చెట్ల కిందికి చేరి, పండిన కాయలు పగిలి నీళ్లలో పడేదాకా కాచుకుని ఉంటాయి. టప్పుమని ఒక గింజ పడితే చాలు, అటు మళ్లుతాయి. రబ్బరు గింజ పెంకును నోటితో పగలగొట్టేస్తాయి. చిన్న గింజలను మింగి కిలోమీటర్ల అవతల విసర్జిస్తే అక్కడ కొత్త మొక్క మొలుస్తుంది. అడవికి విత్తనాలు చల్లే పని కొంత చేపలదే. ఫార్వర్డ్ తయారుచేసినవారు ఇది చెప్పి ఉంటే నేనే పది మందికి పంపేవాణ్ని.

పక్కమాట ఒకటి. ఆ ప్రాంతం నుంచి మనకు వచ్చిన అసలు తలనొప్పి పిరానా కాదు. మన కాలువలను కప్పేసే గుర్రపుడెక్క అక్కడిదే. అక్వేరియం గాజు నాకుతుందని తెచ్చుకుని, పెరిగాక కాలువల్లో వదిలేసిన సక్కర్ చేప కూడా అక్కడిదే. అది చెరువుల్లో చేరి గట్లు తవ్వుతోందని, ముళ్లతో వలలు చింపుతోందని చేపల రైతులు మొత్తుకుంటున్నారు. హైదరాబాద్‌లోని సీసీఎంబీ శాస్త్రవేత్తలు నీటిలోని డీఎన్ఏ ఆనవాళ్లతో దాని ఉనికిని పసిగట్టే పద్ధతి తయారుచేయవలసి వచ్చింది. దాని మీద వీడియో ఎవరూ చేయలేదు, దానికి కోరలు లేవు మరి.

ఇక కాందిరు. ఇది నిజమైన చేపే, పుల్లంత సన్నని జెల్ల జాతి. రక్తం తాగుతుందన్నదీ నిజం, కాకపోతే పెద్ద చేపల రక్తం. మొప్పల సందులోంచి దూరి, ముళ్లతో పట్టు నిలుపుకుని, ఒకటి రెండు నిమిషాల్లో పొట్ట నింపుకుని జారిపోతుంది. మూత్రం వాసన పట్టి వస్తుందన్న కథ పంతొమ్మిదో శతాబ్దపు యాత్రికుల రాతల నుంచి నడుస్తోంది. 2001లో శాస్త్రవేత్తలు తొట్టెల్లో పెట్టి పరీక్షించారు. అమ్మోనియా లాంటి వాసనలకు అది స్పందించలేదు, వేటను కంటితో చూసి వెంటపడింది. పైగా ధార వెంట గాలిలో పైకి ఈదడం ఏ చేపకూ సాధ్యం కాదు. ఆ వేగానికి ఎదురు ఈదాలి, ఈదడానికి చుట్టూ నీరుండాలి. 1997లో బ్రెజిల్‌లో ఒకరికి శస్త్రచికిత్స చేసి కాందిరును తీశామని వైద్యుడు ప్రకటించిన ఉదంతాన్నే అందరూ సాక్ష్యంగా చూపిస్తారు. తర్వాత దాన్ని తరచి చూసిన జీవశాస్త్రవేత్త స్టీఫెన్ స్పాటే ఆ కథనంలో పొసగని సంగతులు చాలా ఎత్తిచూపాడు.

“వంద అడుగుల అనకొండ.” వీడియోలో ఈ మాటకు చూపించిన బొమ్మలో చచ్చిన పామును కర్రకు వేలాడదీసి కెమెరాకు దగ్గరగా పట్టుకున్నారు, పట్టుకున్నవాళ్లు నాలుగడుగులు వెనక ఉన్నారు. పెళ్లి ఫొటోల్లో ముందు వరుస పిల్లలు లావుగా పడటం తెలిసినవారికి ఈ కిటుకు కొత్త కాదు.

కొలత తెలుసుకోవాలంటే డబ్బు కథ వినాలి. ముప్పై అడుగులు లేదా అంతకు మించిన పామును ప్రాణాలతో తెచ్చిన వారికి బహుమతి ఇస్తామని న్యూయార్క్ జంతుశాస్త్ర సంఘం ప్రకటించింది. మొదలుపెట్టింది మన రూజ్‌వెల్టే, వెయ్యి డాలర్లతో. పెరిగి పెరిగి అది 50 వేల డాలర్లయింది. దశాబ్దాలు గడిచాయి, ఎవరూ రాలేదు. వేటగాళ్లు, కలప వ్యాపారులు, బంగారం వెతికేవాళ్లు లక్షల సంఖ్యలో తిరిగిన అడవి అది. వంద అడుగులు కాదు, ముప్పై అడుగుల పాము ఒక్కటి దొరికినా ఎవరో ఒకరి అప్పులు తీరిపోయి ఉండేవి. ఆకుపచ్చ అనకొండల్లో శ్రద్ధగా కొలిచిన వాటిలో ఐదు మీటర్లు దాటినవే అరుదు. అంతమాత్రాన చిన్నది కాదు, బరువులో ప్రపంచంలోకెల్లా పెద్ద పాము అదే. కానీ మనిషిని మింగినట్టు రుజువైన ఘటన దాని పేరిట లేదు. 2017లో, 2018లో మనుషులను మింగిన పాములు ఇండోనేషియాలోని కొండచిలువలు. నలభై అడుగుల పాము కావాలంటే కొలంబియాలోని సెర్రెహోన్ బొగ్గు గనికి వెళ్లాలి, అక్కడ టైటనోబోవా శిలాజాలు దొరికాయి. అది చచ్చిపోయి సుమారు ఆరు కోట్ల ఏళ్లయింది.

కరెంటు చేప దగ్గర బాబాయికి ఒక మార్కు ఇచ్చాను. 860 వోల్టులు నిజమే. 2019లో శాస్త్రవేత్తలు దాన్ని మూడు జాతులుగా విడదీసినప్పుడు, వాటిలో ఒకదాని దగ్గర కొలిచిన అంకె అది. ఈల్ అని పిలుస్తారు గానీ అసలు ఈల్ కాదు, మన జెల్లలకు దగ్గర. అయితే వోల్టు ఒక్కటే చూసి మసి అనకూడదు. ఆ షాకు సెకనులో వెయ్యో వంతుల కాలమే ఉంటుంది, ప్రవాహం ఒక ఆంపియర్ చుట్టుపక్కల. గుర్రం కూడా తడబడేంత దెబ్బ, మాడిపోయే దెబ్బ కాదు. ప్రమాదమల్లా తిమ్మిరెక్కి మోకాలి లోతు నీళ్లలో పడి మునిగిపోవడంలో ఉంది. ఇంతకంటే మంచి సంగతి 2021లో బయటపడింది. ఒంటరిగా వేటాడుతుందనుకున్న ఈ చేపలు ఒక సరస్సులో వందకు పైగా చేరి, చిన్న చేపల గుంపును చుట్టుముట్టి, లోతు తక్కువ నీటిలోకి తోలి, కొన్ని కలిసి ఒక్కసారి షాకు కొట్టాయి. చిన్న చేపలు నీళ్లపైకి ఎగిరి, కదలిక లేకుండా పడ్డాయి. అచ్చంగా మన ఊరి చెరువులో వల తోలే పద్ధతే.

వంతెన మాట సగం నిజం. అమెజాన్ ప్రధాన ప్రవాహం మీద వంతెన లేదు. దాని పెద్ద ఉపనది రియో నెగ్రో మీద మాత్రం, మనౌస్ నగరం దగ్గర, మూడున్నర కిలోమీటర్లకు పైగా పొడవున్న వంతెనను 2011లో తెరిచారు. రియో నెగ్రోలోనూ పిరానాలున్నాయి, కైమన్లున్నాయి. ఇంజనీర్లను అవేమీ ఆపలేదు.

అసలు కారణం నీరు, మట్టి, రోడ్డు. మన లెక్కలో చెబుతాను. 1986 ఆగస్టులో గోదావరికి వచ్చిన వరదను మా తరం మరిచిపోదు. ధవళేశ్వరం దగ్గర 35 లక్షల క్యూసెక్కులు, లంకలకు లంకలు మునిగిపోయాయి. అమెజాన్ సముద్రంలోకి వదిలే నీరు ఏడాది పొడవునా సగటున దాదాపు 74 లక్షల క్యూసెక్కులు. అంటే మన కాలపు మహావరద రెండింతలై, రోజూ, రాత్రీ పగలూ నడుస్తున్నట్టు. వరదల నెలల్లో నది ఒడ్డు దాటి అడవిలోకి పదుల కిలోమీటర్లు పరుచుకుంటుంది. ఒడ్డు మట్టి మెత్తన, ఇళ్లతో చెట్లతో సహా విరిగి నదిలో పడిపోతుంది. స్తంభం ఎక్కడ పాతాలి? పాతినా ఆ వంతెన దిగి వెళ్లడానికి అవతల రోడ్డేది? పెరూలోని ఇకీటోస్ పెద్ద నగరమే అయినా బయటి నుంచి అక్కడికి రోడ్డు లేదు, పడవలోనో విమానంలోనో వెళ్లాలి. అక్కడ నదే రోడ్డు. మనౌస్‌లో బస్టాండు కంటే రేవు పెద్ద జాతర. పడవల్లో ఊయల పరుపులు వేలాడదీసుకుని రోజుల తరబడి ప్రయాణం చేస్తారు.

ఆ మనౌస్ దిగువనే రెండు నీళ్ల కలయిక. నల్లటి టీ రంగు రియో నెగ్రో, పాలు ఎక్కువైన టీ రంగు సోలిమోయిస్ (మనౌస్‌కు ఎగువన అమెజాన్‌కే అక్కడివాళ్ల పేరు) కలిసీ కలవకుండా ఆరు కిలోమీటర్ల దాకా పక్కపక్కనే నడుస్తాయి. మధ్యలో గీత గీసినట్టు ఉంటుంది. నెగ్రో వెచ్చన, నెమ్మది, అందులో ఒండ్రు తక్కువ. సోలిమోయిస్ చల్లన, దూకుడు, ఆండీస్ కొండల మట్టితో బరువైనది. ఫార్వర్డ్‌లో దీనికి ఒక్క క్షణం కూడా దక్కలేదు.

నది కింద నది గురించి చెప్పేటప్పుడు గొంతు మరీ గంభీరమైంది. దీని వెనక మనవాడొకరు ఉన్నారు, కేరళలో పుట్టి బ్రెజిల్ జాతీయ వేధశాలలో పనిచేసిన భూభౌతిక శాస్త్రవేత్త వలియ మన్నతాల్ హంజా. 1970, 80 దశకాల్లో చమురు కోసం తవ్వి వదిలేసిన 241 బావుల్లోని ఉష్ణోగ్రతలు పరిశీలించి, భూమి లోపల కిలోమీటర్ల లోతున పడమటి నుంచి తూర్పుకు నీరు కదులుతోందని ఆయన బృందం 2011లో చెప్పింది. తోటివాళ్లు దానికి ఆయన పేరే పెట్టారు. కానీ అక్కడ సొరంగం లేదు, అలలు లేవు. రాతి రంధ్రాల్లోంచి నీరు ఇంకుతూ జరగడమే. దాని వేగం ఏడాదికి కొన్ని సెంటీమీటర్ల నుంచి వంద మీటర్ల లోపు. నత్త దానికంటే ఎన్నో రెట్లు ముందుంటుంది. దాన్ని నది అనకూడదని ఇతర శాస్త్రవేత్తలు అప్పుడే అభ్యంతరం చెప్పారు. నీటి పరిమాణంలోనూ అది పైనున్న అమెజాన్‌కు యాభయ్యో వంతు. ‘అంతకంటే పెద్దది’ అనే మాట దాని వెడల్పు మాత్రమే చూసి పుట్టింది.

కాగే నది మాత్రం ఉంది బాబాయ్. పెరూ అడవిలో, షనాయ్ తింపిష్కా. చాలాచోట్ల 80 డిగ్రీలు దాటుతుంది, అందులో పడిన కప్పలు, పాములు ఉడికిపోతాయి. అగ్నిపర్వతం కథే తప్పు. దగ్గరలో ఉన్నదే వందల కిలోమీటర్ల దూరం. భూమి లోతుల్లో వేడెక్కిన నీరు రాతి పగుళ్ల వెంట పైకి తన్నుకొస్తోంది.

ఇప్పుడు పెద్ద అబద్ధం. చదువుకున్నవాళ్లు కూడా నమ్మేది. “ప్రపంచ ప్రాణవాయువులో 20 శాతం.” 2019లో అడవి తగలబడినప్పుడు ఫ్రాన్స్ అధ్యక్షుడు మాక్రాన్ కూడా ఇదే అంకె వాడాడు, కాబట్టి మా బాబాయిని ఒక్కణ్నే తప్పుపట్టను. పగలు ఆకులు ప్రాణవాయువు వదులుతాయి, నిజం. కానీ చెట్టు కూడా ఊపిరి పీలుస్తుంది. రాలిన ఆకును, కూలిన మానును చెదలు, బూజు, సూక్ష్మజీవులు తినేస్తాయి, అందుకు ప్రాణవాయువు ఖర్చవుతుంది. వచ్చింది వచ్చినట్టే పోతుంది. ఏడాది చివర లెక్క చూస్తే మిగులు దాదాపు సున్నా. మనం పీల్చే గాలిలోని ప్రాణవాయువు కోట్ల ఏళ్లుగా, ఎక్కువగా సముద్రపు సూక్ష్మజీవుల పుణ్యాన పోగుపడిన నిల్వ. ఈ అడవి రేపు మాయమైనా ఊపిరాడక పోము.

అలాగని అడవి పోతే పోనీ అనుకుంటే పొరపాటు. అడవి ఇచ్చేది వాన. చెట్లు వేళ్లతో నీరు తోడి ఆకుల ద్వారా ఆవిరి చేస్తాయి. ఇలా రోజుకు గాలిలోకి వెళ్లే నీరు 2,000 కోట్ల టన్నులని ఒక అంచనా, నది సముద్రంలోకి మోసే నీటికంటే ఎక్కువ. గాలి ఆ తేమను పడమటికి మోసుకుపోయి, ఆండీస్‌కు తగిలి దక్షిణానికి మళ్లి, బ్రెజిల్ దక్షిణ భాగం పొలాల మీద, అర్జెంటీనా మీద కురిపిస్తుంది. అక్కడివాళ్లు వీటిని ఎగిరే నదులంటారు. ఇవి ఎండితే ఏమవుతుందో చూడటానికి ఎక్కువ కాలం ఆగనక్కరలేకపోయింది. మనౌస్ రేవులో 1902 నుంచి నీటిమట్టం రాసి పెడుతున్నారు. 2021 వరదలో 30.02 మీటర్లు, ఆ పుస్తకంలోకెల్లా ఎక్కువ. రెండున్నరేళ్లు తిరగకుండానే 2023 అక్టోబరులో 12.70, అప్పటికి అన్నింటికంటే తక్కువ. 2024లో అది కూడా చెరిగిపోయి 12.11 అయింది. 2023 సెప్టెంబరులో బ్రెజిల్ అమెజాన్‌లోని తెఫే సరస్సు నీరు 39 డిగ్రీలు దాటి, మన ఒంటి వేడిని మించి కాగింది. గులాబీ రంగు బోతో డాల్ఫిన్లు, బూడిద రంగు తుకుషీలు వందకు పైగా తేలి వచ్చాయి. జూన్ పండుగల రాత్రి తెల్ల బట్టలు వేసుకుని, నెత్తి మీది రంధ్రం కనపడకుండా టోపీ పెట్టుకుని, మగవాడి రూపంలో ఊళ్లోకి వచ్చి ఆడపిల్లలను మాయ చేస్తుందని చెప్పుకునేది ఆ బోతో గురించే. ఆ ఏడాది మమిరావా పరిశోధకులు ముసుగులు కట్టుకుని వాటి కళేబరాలను లాగి ఒడ్డుకు చేర్చారు. నీరు బాగా తగ్గిపోయిన మనౌస్ ఒడ్డున, ఎప్పుడూ మునిగి ఉండే రాళ్ల మీద, వెయ్యేళ్లకు పైబడిన మనుషుల ముఖాల చెక్కుళ్లు బయటపడ్డాయి.

నాసా ప్రస్తావన కూడా ముగించేస్తాను. పిరానాల గురించి నాసా ఏమీ ధ్రువీకరించలేదు. అది చెప్పిన మాట ఇంకా నమ్మశక్యం కానిది. సహారా ఎడారి ధూళి అట్లాంటిక్ దాటి ఏటా 2 కోట్ల 77 లక్షల టన్నులు అమెజాన్ మీద రాలుతోందని, అందులో 22 వేల టన్నుల భాస్వరం ఉంటుందని ఉపగ్రహం కొలిచిన లెక్కలతో 2015లో ప్రకటించారు. వానలకు కొట్టుకుపోయే భాస్వరానికి అది దాదాపు సమానం. ఆఫ్రికాలో చాద్ దేశంలోని ఎండిపోయిన సరస్సు అడుగు ఈ అడవికి ఎరువు.

మిగిలింది “అందుకే అక్కడ మనుషులు అడుగుపెట్టరు” అన్న మాట. నాకు కోపం తెప్పించింది ఇదొక్కటే. మనౌస్ జనాభా 20 లక్షలు దాటింది. బ్రెజిల్ అమెజాన్ ప్రాంతంలోనే రెండున్నర కోట్ల మందికి పైగా ఉంటారు. 1542లో స్పెయిన్ అన్వేషకుడు ఒరెయానా దండుతో నది పొడవునా దిగిన పాదిరి కార్వహాల్, ఒడ్డు వెంట జనసమ్మర్దమైన ఊళ్లున్నాయని రాస్తే తరతరాలు నమ్మలేదు. ఇప్పుడు ఆ అపనమ్మకం తారుమారైంది. బొగ్గు, కుండపెంకులు, ఎముకలు కలిపి మనుషులు తయారుచేసిన నల్లమట్టి అడవిలో ఎన్నోచోట్ల బయటపడింది. 2024లో ఈక్వడోర్‌లోని ఉపానో లోయలో, సుమారు 2,500 ఏళ్ల నాటి దిబ్బలు, తిన్నటి రోడ్లు, కాలువలున్న పట్టణాల వరుసను లేజర్ సర్వేతో గుర్తించారు. నిర్మానుష్యం అన్న మాట అక్కడున్నవాళ్లను, ఒకప్పుడు అక్కడ బతికి వెళ్లిపోయినవాళ్లను ఒకేసారి చెరిపేస్తుంది.

వాళ్లకు భయాలు లేవా అంటే, ఉన్నాయి. నది ఒడ్డు మనిషి పడవ దిగేటప్పుడు చూడాలి. ముందు కర్రతో నీటి అడుగు తడతాడు. తర్వాత పాదం ఎత్తి వేయడు, ఇసుక మీద ఈడుస్తూ నడుస్తాడు. ఇసుకలో కప్పుకుని పడుకున్న టేకు చేప ఆ కదలికకు పక్కకు జరిగిపోతుంది. తొక్కితే తోక ముల్లు మడమలో దిగుతుంది, రోజుల తరబడి నొప్పి, మాంసం కుళ్లిపోతుంది. నల్ల కైమన్ ఉన్న చోట రాత్రిపూట ఒడ్డున చేపలు కడగరు. జరరాక అనే రక్తపింజరి లాంటి పాము కరిస్తే మందు ఆస్పత్రిలో ఉంటుంది, ఆస్పత్రి పడవలో కొన్ని గంటల దూరం. బంగారం తవ్వకందారులు నదిలో కలిపే పాదరసం చేపల్లోకి, చేపల నుంచి పిల్లల ఒంట్లోకి చేరుతుంది. దానికి పళ్లూ లేవు, తోకా లేదు, కంటికి కనిపించదు కాబట్టి వీడియోకు పనికిరాదు.

వీటన్నిటికంటే నన్ను కుదిపేసింది ఇంకొకటి. బ్రెజిల్‌లోని పారా, అమపా రాష్ట్రాల్లో బడికి, వైద్యుడి దగ్గరికి, బజారుకు అంతా చిన్న మోటారు పడవల్లోనే వెళ్లాలి. ఇంజను పడవ మధ్యలో ఉంటుంది, అక్కడి నుంచి వెనక పంఖా దాకా ఇనుప ఇరుసు కాళ్ల దగ్గరే గిరగిరా తిరుగుతూ ఉంటుంది. అడుగున చేరిన నీరు తోడటానికో, పడిపోయిన వస్తువు తీయడానికో వంగిన ఆడపిల్ల జడ ఆ ఇరుసుకు చుట్టుకుంటే, రెప్పపాటులో నెత్తి చర్మం ఊడి వస్తుంది. బాధితుల్లో ఎక్కువమంది ఆడవాళ్లు, చిన్నపిల్లలు. ఇరుసు మీద మూత ఉండి తీరాలని 2009లో బ్రెజిల్ చట్టం చేసింది. మూత అంటే మహా యంత్రమేమీ కాదు, నాలుగు పలకల డబ్బా. అది లేని పడవలు ఇంకా తిరుగుతున్నాయి. అందుకే ఆ రేవుల్లో ఆడపిల్లలకు చెప్పే జాగ్రత్త పిరానాల గురించి కాదు. జడ ముడివేసుకో, టోపీ పెట్టుకో, ఇంజనుకు దూరంగా కూర్చో.